సీజ్ చేసిన బండి ఎవరిని అడగాలి?

నెల్లూరు నుంచి ఒంగోలు దాకా జాతీయ రహదారి పక్కనున్న పోలీసుస్టేషన్ల ప్రహరీల్లోకి తొంగి చూస్తే కనబడేది ఇంచుమించు ఒకటే. టైర్లు నేలకు అతుక్కుపోయిన ట్రాక్టర్లు, అద్దాలు పగిలిన వ్యాన్లు, ఒకదాని మీదికి ఒకటి ఒరిగిన మోటారు సైకిళ్లు, వాటి సందుల్లోంచి ఏపుగా పెరిగిన సర్కారు తుమ్మ. కొన్ని దొంగ బండ్లు, యజమాని ఎవరో తెలియనివి. మిగిలిన వాటికి యజమాని ఉన్నాడు, ఆర్‌సీ ఉంది, నెలనెలా ఫైనాన్సు కంపెనీకి కట్టాల్సిన వాయిదా ఉంది. బండి మాత్రం కదలదు. ఎందుకని అడిగితే, కేసు తేలేదాకా ఇవ్వరట అంటారు.

ఆ మాట చాలా కేసుల్లో నిజం కాదు. కేసు నడుస్తుండగానే బండిని తాత్కాలికంగా ఇంటికి తెచ్చుకునే వీలు చట్టంలోనే ఉంది. కాకపోతే అన్ని బండ్లకూ ఒకే అధికారి దగ్గర పని జరగదు. ఆర్టీవో వదిలేవి కొన్ని, మెజిస్ట్రేటు వదిలేవి కొన్ని. మరికొన్నింటి మీద జాయింట్ కలెక్టరుకో, అటవీ అధికారికో అధికారం ఉంటుంది. జనం నష్టపోయేది ఎక్కువగా ఇక్కడే. ఆర్టీవో కార్యాలయంలో తేలే పనికి కోర్టు చుట్టూ తిరుగుతారు. కోర్టు ఉత్తర్వు కావాల్సిన చోట పోలీసుల్ని బతిమాలుతూ నెలలు గడిపేస్తారు.

కాబట్టి అన్నిటికంటే ముందు తెలుసుకోవాల్సింది బండిని ఏ చట్టం కింద, ఏ సెక్షన్ కింద పట్టుకున్నారన్నది. కోవూరు పక్క ఊళ్లో ఒక రైతుకు ట్రాక్టరు ఉందనుకుందాం. డ్రైవరుకు లైసెన్సు లేదని ఆపితే అది మోటారు వాహనాల చట్టం సంగతి. పెన్నలో అనుమతి లేకుండా ఇసుక ఎత్తినందుకు పట్టుకుంటే గనుల చట్టం వస్తుంది, దానికి తోడు దొంగతనం కేసు కూడా పడవచ్చు. రేషన్ బియ్యం దొరికితే నిత్యావసర సరుకుల చట్టం. రోడ్డు మీద మనిషిని గుద్దితే పాత ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహిత. ట్రాక్టరు అదే, దాన్ని నిలిపింది కూడా అదే స్టేషన్ ఆవరణలో కావచ్చు. వదిలే అధికారం మాత్రం నాలుగు సందర్భాల్లో నలుగురిది. అందుకే పట్టుకున్న రోజే పంచనామా నకలు, ఎఫ్‌ఐఆర్ ఉంటే దాని నకలు అడిగి తీసుకోవాలి. నోటిమాటగా చెప్పిన సెక్షన్ కాగితం మీద ఇంకోలా ఉండటం కొత్తేమీ కాదు.

అన్నిటిలోకీ తేలికైనది కాగితాలు లేక ఆపిన బండి. రిజిస్ట్రేషన్, లైసెన్సు, పర్మిట్ లేకుండా నడిపే బండిని మోటారు వాహనాల చట్టం 207వ సెక్షన్ కింద ఆపవచ్చు. అదే సెక్షన్ రెండో భాగం విడుదల గురించి చెబుతుంది. సంబంధిత పత్రాలతో రవాణా అధికారికి గానీ, ప్రభుత్వం అధికారమిచ్చిన మరో అధికారికి గానీ దరఖాస్తు చేస్తే, వాటిని సరిచూసి షరతులతో వదలవచ్చు. ఇందులో కోర్టు పని ఏమీ లేదు. జరిమానా కట్టాలి, లేని కాగితం తెచ్చి చూపాలి, అంతే.

మెజిస్ట్రేటు ముందు

క్రిమినల్ కేసులో సాక్ష్యంగా పట్టుకున్న బండి సంగతి వేరు. ఆచరణలో దాన్ని ఎస్సై గానీ సీఐ గానీ సాధారణంగా వదలరు. పోలీసులు వస్తువును స్వాధీనం చేసుకుంటే వెంటనే మెజిస్ట్రేటుకు తెలియజేయాలి, ఆ తర్వాత దాని మీద నిర్ణయం ఆయనది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో ఇందుకు 451, 457 సెక్షన్లు ఉండేవి. 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలో ఇవే 497, 503 అయ్యాయి. వస్తువు కోర్టు ముందుకు వచ్చి ఉంటే మొదటిది, ఇంకా రాకపోతే రెండోది వర్తిస్తుంది. బండ్లు ఎక్కువగా స్టేషన్‌లోనే ఉంటాయి కాబట్టి పిటిషన్లలో తరచుగా రెండు సెక్షన్లూ కలిపే రాస్తారు.

ఈ విషయంలో వకీళ్లు తప్పకుండా చూపే తీర్పు ఒకటుంది. 2002 అక్టోబరు 1న సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చింది. ఆ కేసులో నిందితులు గుజరాత్ పోలీసు సిబ్బందే. స్టేషన్‌లో భద్రపరిచిన స్వాధీన వస్తువులను మార్చేశారని, కాజేశారని వారి మీద ఆరోపణ. ఆ సందర్భంలోనే కోర్టు అసలు ఇన్నేసి వస్తువులు స్టేషన్లలో ఎందుకు మూలుగుతున్నాయని చూసింది. పట్టుకున్న వాహనాలను ఏళ్ల తరబడి స్టేషన్లలో ఉంచడం వల్ల ఎవరికీ ప్రయోజనం లేదని చెప్పింది. ఫొటోలు తీసి, వివరంగా పంచనామా రాసి, తగిన బాండు, పూచీకత్తు తీసుకుని బండిని అప్పగించేయాలని, ఇదంతా పదిహేను రోజుల నుంచి నెల లోపు ముగియాలని సూచించింది. ఇరవై రెండేళ్ల తర్వాత కొత్త సంహిత ఆ ఆలోచనను చట్టంలోకే తెచ్చింది. 497వ సెక్షన్ ప్రకారం వస్తువు కోర్టు ముందుకు వచ్చిన పద్నాలుగు రోజుల్లో దాని వివరాల పట్టిక తయారు చేయాలి, ఫొటో తీయించాలి, అవసరమైతే వీడియో కూడా. అది జరిగిన ముప్ఫై రోజుల్లో ఆ వస్తువును ఏం చేయాలో ఉత్తర్వు ఇవ్వాలి. విచారణలో ఆ ఫొటోలే సాక్ష్యంగా చెల్లుతాయి. ఇక బండిని అక్కడే ఉంచితే గానీ కేసు నిలవదన్న వాదనకు బలం తక్కువ.

అయినా ఆవరణల్లో సర్కారు తుమ్మ పెరుగుతూనే ఉందంటే, గడువు దాటితే బండి దానంతటదే వచ్చేయదు కాబట్టి. అడగాలి. పిటిషన్ వేయాలి.

పిటిషన్ ఎవరు వేయాలన్న దగ్గర ఒక చిక్కు వస్తుంది. ఆర్‌సీలో పేరున్న యజమాని వేయాలి. నిందితుడు డ్రైవరే అయి యజమానికి కేసుతో సంబంధం లేకపోతే పని సులువు. యజమానే నిందితుడైనా అడిగే హక్కు పోదు. బండి అప్పు మీద కొన్నదైతే మోటారు వాహనాల చట్టం దాన్ని దగ్గర పెట్టుకుని వాడుకునే వాడినే యజమానిగా చూస్తుంది, కాబట్టి ఫైనాన్సు కంపెనీ పేరు ఆర్‌సీలో ఉన్నంత మాత్రాన ఆగాల్సిన పని లేదు. అసలు ఇబ్బంది చేతులు మారినా పేరు మారని బండితో. మన పల్లెల్లో పాత ట్రాక్టరు, పాత మినీ వ్యాను కొన్నవాళ్లు తెల్ల కాగితం మీద రాయించుకుని, సంతకం పెట్టిన ఫారాలు బీరువాలో దాచుకుని ఏళ్లు గడిపేస్తారు. బండి సీజ్ అయిన రోజున కోర్టు కళ్లకు యజమాని మొదటివాడే. అప్పుడు ఆయన్ను వెతికి పట్టుకుని, కోర్టుకు రప్పించో, అభ్యంతరం లేదని ప్రమాణపత్రం రాయించో బయటపడాలి. ఈలోగా ఆయన ఊరు మారినా, పోయినా కథ పొడుగవుతుంది.

పిటిషన్‌లో చెప్పాల్సింది ఎక్కువేమీ ఉండదు. బండి నంబరు, ఇంజను, ఛాసిస్ నంబర్లు, కేసు నంబరు, పట్టుకున్న తేదీ, తన యాజమాన్యం, బండి ఆగడం వల్ల కలిగే నష్టం. ఆర్‌సీ, ఇన్సూరెన్సు, ఆధార్ నకళ్లు, లారీ అయితే పర్మిట్, ఫిట్‌నెస్ పత్రాలు జతచేయాలి. కోర్టు దాన్ని పోలీసులకు, అసిస్టెంట్ పబ్లిక్ ప్రాసిక్యూటరుకు పంపి వారి మాట అడుగుతుంది. అభ్యంతరం లేదని రాస్తే త్వరగా తేలుతుంది. అభ్యంతరం చెప్పినా కారణం చూపాలి. బండికి ఫోరెన్సిక్ పరీక్ష మిగిలి ఉందనడం కారణమే; దర్యాప్తు సాగుతోందన్న ఒక్క ముక్కతో సరిపెట్టడం, నా దృష్టిలో, కారణం కాదు.

ఉత్తర్వులో షరతులు ఇంచుమించు ఒకేలా ఉంటాయి. బండి విలువకు తగిన బాండు, ఒకరో ఇద్దరో జామీనుదారులు. అమ్మకూడదు, రంగు గానీ రూపం గానీ మార్చకూడదు, పిలిచినప్పుడు తెచ్చి చూపాలి. జామీనుదారుల దగ్గర ఇంటి పన్ను రసీదో పట్టాదారు పాసుపుస్తకమో సిద్ధంగా లేక, ఉత్తర్వు వచ్చాక కూడా బండి ఆగిపోయేవి ఉంటాయి. పిటిషన్ వేసిన రోజే జామీనుదారులతో మాట్లాడి ఉంచుకుంటే ఆ ఆలస్యం తప్పుతుంది.

ప్రమాదం జరిగినప్పుడు

రహదారి మీద ప్రమాదాల్లో ఆగే బండ్లకు ఒక ప్రత్యేక నియమం ఉంది. ప్రమాదానికి గురైన బండిని పరీక్ష కోసం తీసుకెళితే ఎక్కడికి తీసుకెళ్లారో యజమానికి చెప్పాలని, లాంఛనాలు ముగించి ఇరవై నాలుగు గంటల్లో తిరిగి ఇవ్వాలని మోటారు వాహనాల చట్టం 136వ సెక్షన్ అంటుంది. ఆచరణలో వాహన తనిఖీ అధికారి వచ్చి బ్రేకులు, స్టీరింగు చూసి నివేదిక ఇచ్చేదాకా బండి అక్కడే ఉంటుంది. మరణం సంభవించిన కేసుల్లో దాన్ని సాక్ష్యంగా స్వాధీనం చేసుకుంటారు కాబట్టి మెజిస్ట్రేటు దగ్గరికే వెళ్లాలి.

ఇక్కడ తేల్చేది ఇన్సూరెన్సు. ప్రమాదం నాటికి థర్డ్ పార్టీ పాలసీ అమల్లో ఉంటే బండి రావడం పెద్ద కష్టం కాదు. లేకపోతే, బాధితులకు రాబోయే పరిహారానికి సరిపడా సెక్యూరిటీ చూపనిదే వదలకూడదన్నది నియమం. ఇలాంటి నియమాన్ని అన్ని రాష్ట్రాలూ తెచ్చుకోవాలని 2018లో ఉషాదేవి కేసులో సుప్రీంకోర్టు ఆదేశించింది. సెక్యూరిటీ ఇవ్వలేకపోతే బండిని వేలం వేసి ఆ సొమ్మును పరిహారానికి జమ చేసే ఏర్పాటు కూడా అందులోనే ఉంది. పొలానికీ ఇంటికీ మధ్య తిరిగే ట్రాక్టరుకు పాలసీ ఎందుకులే అనుకునే వాళ్లు మన దగ్గర తక్కువేమీ కాదు. వాళ్లకు ఇది కఠినంగా తోస్తుంది. చనిపోయినవాడి ఇంటివైపు నుంచి చూస్తే కఠినమనిపించదు.

ఇసుక ట్రాక్టరు

ఈ రెండు జిల్లాల్లో ఎక్కువ గందరగోళం ఇసుక దగ్గరే. 2024 జులై 8 నుంచి రాష్ట్రంలో ఉచిత ఇసుక విధానం వచ్చింది. ఉచితమంటే ఏటిలో ఎక్కడపడితే అక్కడ తవ్వుకోవచ్చని కాదు. అనుమతి లేని చోట తవ్వినా, కూడని పనికి తరలించినా కేంద్ర గనులు, ఖనిజాల చట్టం 21వ సెక్షన్ కింద బండిని పట్టుకోవచ్చు. ఆ సెక్షన్ ప్రకారం బండిని శాశ్వతంగా ప్రభుత్వపరం చేయాలంటే ఉత్తర్వు ఇవ్వాల్సింది కోర్టు. ఆ చట్టం కింద కోర్టు నేరాన్ని విచారణకు తీసుకోవాలంటే అధికారం ఉన్న అధికారి రాతపూర్వకంగా ఫిర్యాదు చేయాలి. 23ఏ సెక్షన్ కింద సొమ్ము కట్టి రాజీ చేసుకునే వీలూ ఉంది.

సమస్య ఎక్కడంటే, ఇసుక బండిని పట్టుకునేవాళ్లు ఒక్క శాఖవారు కాదు. ఒక రోజు గనుల శాఖ, ఒక రోజు రెవెన్యూ సిబ్బంది, ఒక రోజు పోలీసులు. పోలీసులు పట్టుకుంటే గనుల చట్టంతో పాటు దొంగతనం సెక్షన్ కూడా పెడతారు. ఏరు ప్రభుత్వానిది, దాని ఇసుకను అనుమతి లేకుండా తీసుకుపోవడం దొంగతనమే అవుతుందని, ఆ కేసు వేరుగా నడపవచ్చని 2014లో ఢిల్లీ ప్రభుత్వం, సంజయ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. 2020 డిసెంబరులో జయంత్ కేసులో ఇంకో అడుగు ముందుకు వేసి, గనుల శాఖకు సొమ్ము కట్టి రాజీపడితే గనుల చట్టం కింద కేసు పోతుంది గానీ దొంగతనం కేసు పోదని చెప్పింది.

యజమానికి దీని అర్థం ఇంత. గనుల శాఖలో జరిమానా కట్టి, రసీదు పట్టుకుని స్టేషన్‌కు వెళితే, కోర్టు ఉత్తర్వు తెమ్మంటారు. సొమ్ము కట్టాను కదా ఇంకా కోర్టేమిటని ఆయన కోపం. ఎఫ్‌ఐఆర్‌లో దొంగతనం సెక్షన్ ఉంటే స్టేషన్ వాళ్లు అడిగింది సరైనదే. ఆ బండి మెజిస్ట్రేటు లెక్కలో ఉంది. ఆ సెక్షన్ లేకుండా శాఖాపరమైన కేసు మాత్రమే ఉంటే, రాజీ సొమ్ము కట్టాక బండిని ఆపి ఉంచడానికి ఆధారం దాదాపు మిగలదు. కాబట్టి జరిమానా కట్టేముందే ఎఫ్‌ఐఆర్ ఉందా, ఉంటే ఏ సెక్షన్లతో ఉందో చూసుకోవాలి.

ఇంకో రకం ఉంది, అది మరీ అన్యాయమైనది. రెవెన్యూ సిబ్బంది బండిని ఆపి, భద్రత కోసమంటూ స్టేషన్ ఆవరణలో పెట్టించి వెళ్లిపోతారు. కేసు ఉండదు, సీజ్ చేసినట్టు కాగితం ఉండదు. అడిగితే పోలీసులు తహసీల్దారును చూపిస్తారు, తహసీల్దారు గనుల శాఖను చూపిస్తారు. కేసే లేనప్పుడు మెజిస్ట్రేటు ముందు పిటిషన్‌కు పట్టు దొరకదు. అప్పుడు ముగ్గురికీ రాతపూర్వకంగా అర్జీ ఇచ్చి, ముద్ర వేసిన నకలు దగ్గర పెట్టుకోవాలి. జవాబు రాకపోతే అమరావతిలోని హైకోర్టులో రిట్ వేయవచ్చు. అధికారం లేకుండా ఆస్తిని ఆపి ఉంచడం మీద హైకోర్టు అడిగే మొదటి ప్రశ్న ఏ ఉత్తర్వు మీద ఆపారన్నదే. ముద్ర పడిన ఆ అర్జీ అప్పుడు అక్కరకొస్తుంది.

బియ్యం, ఎర్రచందనం, మద్యం, గంజాయి

రేషన్ బియ్యం కేసులో చాలామంది చేసే పొరపాటు నేరుగా మెజిస్ట్రేటు దగ్గరికి వెళ్లడం. నిత్యావసర సరుకుల చట్టం, 1955లో 6ఏ సెక్షన్ కింద సరుకును, బండిని ప్రభుత్వపరం చేసే అధికారం కలెక్టరుది. మన జిల్లాల్లో ఆ ఫైళ్లు సాధారణంగా జాయింట్ కలెక్టరు దగ్గర నడుస్తాయి. ఆ విచారణ నడిచినంత కాలం బండిని ఎవరికి అప్పగించాలన్న నిర్ణయమూ వారిదేనని, మిగతా కోర్టుల జోక్యం ఉండదని 6ఈ చెబుతుంది. అందుకని మధ్యంతరంగా వదలమన్న అర్జీ కూడా అక్కడే ఇవ్వాలి.

ఈ చట్టంలో యజమానికి పనికొచ్చే రెండు మాటలు ఉన్నాయి. నోటీసు ఇచ్చి వాదన వినకుండా బండిని తీసుకోకూడదు. తనకు గానీ, తన మనిషికి గానీ, బండి నడిపేవాడికి గానీ తెలియకుండా అది జరిగిందని, ముగ్గురూ తగిన జాగ్రత్తలు తీసుకున్నారని రుజువు చేస్తే బండి పోదు. డ్రైవరుకు తెలిసి ఉంటే ఈ వాదన నిలవడం కష్టం. రెండోది కిరాయి బండ్లకు సంబంధించినది. ప్రభుత్వపరం చేయడానికి బదులు జరిమానా కట్టే అవకాశం యజమానికి ఇవ్వాలి, ఆ జరిమానా పట్టుకున్న నాటి సరుకు మార్కెట్ ధరను మించకూడదు. మించకూడనిది సరుకు ధర, బండి ధర కాదు. పది లక్షల వ్యానులో లక్ష రూపాయల బియ్యం దొరికితే జరిమానా లక్ష దాటకూడదు. నోటీసుకు జవాబిచ్చేటప్పుడు ఈ మాట రాయకుండా, నాకేమీ తెలియదు దయచూపండి అని రాసుకునేవాళ్లను చూస్తే బాధేస్తుంది.

వెలిగొండ కొండల వైపు ఎర్రచందనం దుంగలతో దొరికిన బండి మీద ఆశలు పెట్టుకోకపోవడం మంచిది. ఆంధ్రప్రదేశ్ అటవీ చట్టం, 1967లో 44వ సెక్షన్ కింద బండిని ప్రభుత్వపరం చేసే అధికారం అటవీ అధికారికే ఉంది. ఆ విచారణకూ కోర్టులో నడిచే కేసుకూ సంబంధం లేదని, రెండూ వేర్వేరని సుప్రీంకోర్టు 1985లోనే సుధాకరరావు కేసులో చెప్పింది. కోర్టులో కేసు కొట్టేసినా బండి తిరిగి రాకపోవచ్చు. అటవీ నేరాల్లో పట్టుకున్న వాహనాలను మామూలుగా మధ్యలో వదలకూడదన్నది 2000 సంవత్సరంలో కర్ణాటక కేసులో వచ్చిన తీర్పు. కిరాయికి తీసుకున్న కారు దుర్వినియోగమైతే, తనకు తెలియదని చూపే ఆధారాలు, అంటే కిరాయి ఒప్పందం, డబ్బు ముట్టిన వివరాలు, జీపీఎస్ రికార్డు లాంటివి నోటీసు రాగానే అటవీ అధికారికే ఇవ్వాలి. అక్రమ మద్యం కేసుల్లోనూ బండి భవిష్యత్తు ఎక్సైజ్ శాఖలో డిప్యూటీ కమిషనరు స్థాయి అధికారి ముందు తేలేదే ఎక్కువ.

గంజాయి కేసు మాత్రం ప్రత్యేక కోర్టుది. విశాఖ మన్యం నుంచి చెన్నై వైపు వెళ్లే సరుకు మన రహదారి మీదుగానే సాగుతుంది కాబట్టి ఇక్కడి లారీ యజమానులకు ఇది తెలియాలి. మత్తు పదార్థాల చట్టం (ఎన్‌డీపీఎస్) కింద పట్టుకున్న బండిని మధ్యంతరంగా వదలడానికి నిషేధమేమీ లేదని 2025 జనవరి 7న బిశ్వజిత్ డే కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. సరుకు యజమాని దగ్గరో, ఆయన డ్రైవరు దగ్గరో దొరికితే మామూలుగా వదలరు. దొంగిలించిన బండిలో దొరికినా, యజమానికి, డ్రైవరుకు సంబంధం లేని ప్రయాణికుడి దగ్గర దొరికినా మామూలుగా వదలాలి. దారిలో ఎవరినో ఎక్కించుకునే డ్రైవర్లున్న లారీ యజమానులకు ఈ తేడా ప్రాణప్రదం.

చేతికి వచ్చే రోజు

ఉత్తర్వు, బాండు కాగితాలు స్టేషన్‌కు చేరాక, సంతకం పెట్టే ముందు బండి చుట్టూ ఒకసారి నిదానంగా తిరగాలి. పట్టుకున్న నాటి పంచనామా చేతిలో పట్టుకుని బ్యాటరీ, స్టెప్నీ, జాకీ, టార్పాలిన్, టూల్ బాక్సు, డీజిల్, అన్నీ ఒక్కొక్కటిగా సరిచూసుకోవాలి. పంచనామాలో ట్రాక్టరు ఒకటి, ట్రాలీ ఒకటి అని మాత్రమే రాసి ఉంటే బ్యాటరీ పోయిందని నిరూపించే దారి లేదు. అందుకే పట్టుకున్న రోజు డ్రైవరు అక్కడే ఉంటే, ఆ వస్తువులన్నీ రాయమని మర్యాదగా అడగడం, వీలైతే ఫోనులో నాలుగు ఫొటోలు తీయడం తర్వాత వేలల్లో కలిసొస్తుంది. తేడా కనబడితే తీసుకున్నట్టు ఇచ్చే రసీదు మీదే రాసి సంతకం పెట్టాలి. బండి ఆగి ఉన్న కాలానికి త్రైమాసిక పన్ను మీద పడకుండా, సీజ్ అయిన విషయం రవాణా శాఖకు ముందే రాతపూర్వకంగా తెలిపి ఉండాలి. ఇన్సూరెన్సు గడువు ఈలోగా ముగిసి ఉంటే స్టేషన్ గేటు దాటకముందే కట్టాలి.

మెజిస్ట్రేటు కాదంటే అక్కడితో ఆగనక్కర్లేదు. సెషన్స్ కోర్టులో రివిజన్ వేయవచ్చు, అవసరమైతే హైకోర్టుకూ వెళ్లవచ్చు. బండి పాడైపోతోందని చూపే ఫొటోలు, ఫైనాన్సు కంపెనీ నోటీసు అక్కడ మాటల కంటే ఎక్కువ పనిచేస్తాయి.

బండి ఇంటికి వచ్చినా అది ఇంకా కోర్టు సొత్తు కిందే లెక్క. షరతు మీరి అమ్మేస్తే బాండు సొమ్ము వసూలు చేస్తారు, జామీను నిలిచినవాడి ఇంటికి కూడా నోటీసు వెళుతుంది. విచారణ ముగిసినప్పుడు ఆ బండి ఎవరికి చెందాలో కోర్టు నాగరిక సురక్షా సంహిత 498వ సెక్షన్ కింద తుది ఉత్తర్వు ఇస్తుంది. కేసు కొట్టేశారన్న ఆనందంలో తీర్పులో ఆ వాక్యం ఉందో లేదో చూసుకోని వాళ్లు, రెండు మూడేళ్ల తర్వాత ట్రాక్టరు అమ్మబోయినప్పుడు మళ్లీ అదే కోర్టు మెట్లెక్కాల్సి వస్తుంది. తీర్పు నకలు తీసుకున్న రోజే బాండు రద్దుకు అర్జీ పెట్టి, రవాణా శాఖ రికార్డులో ఆ బండి మీద ఆంక్ష ఏదైనా ఉంటే తీయించుకోవాలి.